ఒకటో నంబర్ బాయిలర్

బొగొటా
మార్చి 22, 1992

అనీబల్‌కి, అక్క రాసేది.

నువ్వూ, మరదలూ, పిల్లలూ కులాసాగా ఉన్నారని తలుస్తాను. ఇక్కడ మేం ఎలా ఉన్నామో చెప్పాలంటే ముందు ఒకరికొకరం కనిపించాలి. రోజులో సగం పూట కరెంటు ఉండటం లేదు. వానల్లేక డ్యాములన్నీ అడుగంటాయని రేడియోలో చెబుతున్నారు. అది కూడా బ్యాటరీ రేడియో ఉన్న అదృష్టవంతులకే వినపడుతోంది.

పద్దెనిమిది అంతస్తుల భవనంలో లిఫ్టు నడిపేదానికి ఇంతకంటే గొప్ప కాలం ఉంటుందా చెప్పు. పోయిన మంగళవారం చెప్పిన టైముకంటే ముందే కరెంటు తీసేశారు. నేనూ, పద్నాలుగో అంతస్తు ఓర్తెన్సియా అమ్మగారూ, ఆవిడ చిలకా తొమ్మిదో అంతస్తుకీ పదోదానికీ మధ్య వేలాడుతూ ఉండిపోయాం. చిలకేమో "పైకి! పైకి!" అని ఒకటే గోల. అమ్మగారు జపమాల తీసి ప్రార్థన మొదలుపెట్టి, సగంలో ఆపేసి నన్ను పట్టుకుంది.

"ఒదీలియా, మీది బొగ్గు కొండల ఊరే కదా? మీ తమ్ముడు కరెంటు తయారుచేసే చోటే కదా పని? బొగ్గు మండటానికి వానెందుకు? మీవాళ్లు ఇవ్వొచ్చుగా మాకు?"

నేనేదో కరెంటంతా కొంగున ముడేసుకుని దాచినట్టు అడిగింది. నాకు జవాబు తెలియలేదు. సిగ్గేసింది. ఆ చిమ్నీ నీడలో పెరిగాను. అక్కడ పనిచేసేవాణ్ణే చేసుకున్నాను. అయినా లోపలేం జరుగుతుందో నాకు తెలియదు. ఎలియేసెర్ ఇంటికి రావడం, బూట్లు విప్పడం, తినడం, పడుకోవడం, అంతే. ఇవాళేం చేశావని అడిగితే, "ఏముంది, తిరిగాను" అనేవాడు.

ఆయన పోయాక ఆ ప్లాంటు ఊసు నా దగ్గర ఎత్తొద్దని నీ చేత ఒట్టు వేయించుకున్నాను. పదమూడేళ్లు మాట మీదే ఉన్నావు. ఆ ఒట్టు తీసి గట్టున పెడుతున్నాను. ఏం జరుగుతుందక్కడ? నాకు అర్థమయ్యేలా రాయి.

నుబియా అకౌంట్ల చదువు ఎలా సాగుతోంది? దానికి తల్లికి ఉత్తరం రాయడానికి మాత్రం తీరదు. నీ ఇంట్లో ఉంది కాబట్టి నాకు బెంగలేదు.

మీ అక్క
ఒదీలియా


లా పెన్యా, బొయాకా
ఏప్రిల్ 9

అక్కా,

నీ ఉత్తరం అందింది. ఎక్కడ మొదలుపెట్టాలో తెలియలేదు. నువ్వు చూసిన దానితోనే మొదలుపెడతాను.

మనం చిన్నప్పుడు మొదటి యంత్రం ఇంకా కరెంటు ఇవ్వకముందు ఆకాశం అరిచింది, గుర్తుందా? మేకల్ని వదిలేసి ఇంటికి పరిగెత్తాం. వీధిలో అందరూ మోకాళ్ల మీద ఉన్నారు. నాయనమ్మ "లోకాంతం, లోకాంతం" అని ఏడుస్తోంది. అమ్మేమో "ముందు తీగ మీద బట్టలు తియ్యండే" అని అరుస్తోంది. లోకం పోయినా బట్టలు తడవకూడదు మా తల్లికి. ఆ వారమంతా ఊళ్లో ఒక్క కోడీ గుడ్డు పెట్టలేదు.

అది ఏమిటో నేను ఉద్యోగంలో చేరాక తెలిసింది. కొత్త గొట్టాల్లో ఇనప రజను మిగిలిపోతుంది. ఒక్క రవ్వ వెళ్లి టర్బైన్ రెక్కకి తగిలినా అంతే సంగతులు. అందుకని ఆవిరిని పూర్తి బలంతో ఆకాశంలోకి వదిలి గొట్టాలు కడుగుతారు. మనం లోకాంతం అనుకున్నది, గిన్నెలు తోముకోవడం అన్నమాట.

ఇక రోజూ జరిగేది చెబుతాను. కొండల్లోంచి బొగ్గు లారీల్లో వస్తుంది. దాన్ని మిల్లుల్లో పోసి, నువ్వు ముఖానికి రాసుకునే పౌడరుకంటే మెత్తగా ఆడిస్తాం. వేడిగాలి ఆ పొడిని ఎత్తుకుపోయి కొలిమిలోకి ఊదుతుంది. అది వంటింటి పొయ్యిలో బొగ్గు కాలినట్టు కాలదక్కా. గాలిలో ఉండగానే, కింద పడకముందే, కనురెప్ప కొట్టేలోపు మండిపోతుంది. ఆ కొలిమికి నాలుగు వైపులా గోడలు ఉండవు. గోడలకు బదులు నిలువునా గొట్టాలు, పక్కపక్కనే, వాటి నిండా నీళ్లు. ఆ నీళ్లు ఆవిరవుతాయి. ఆవిరిని మళ్లీ కాలుస్తాం. చివరికి అది కంటికి కనిపించదు. తెల్లగా పొగలా కనిపించేది చల్లారిపోయిన ఆవిరి. అసలైనది కనిపించదు.

ఇంతవరకు రాసి కాసేపు బయటికి వెళ్లొచ్చాను. నువ్వే అడిగావు కాబట్టి రాస్తున్నాను.

ఆ ఆవిరి టర్బైన్‌ని తిప్పుతుంది, సెకనుకి అరవైసార్లు. పని అయ్యాక దాన్ని చల్లార్చి నీళ్లు చేసి మళ్లీ బాయిలర్‌కే పంపుతాం. అదే నీరు, తిరిగి తిరిగి. చల్లార్చడానికి మాత్రం ఏటి నీళ్లు కావాలి. మీ ఓర్తెన్సియా అమ్మగారికి అదే జవాబు. మన ఏరు ఇప్పుడు ఒక్క అంగలో దాటేలా ఉంది. పైగా దేశానికి కావలసిన దాంట్లో మేమిచ్చేది గుప్పెడు. మిగతాదంతా డ్యాములదే.

ఇంకొకటి. ఇన్నేళ్లయినా నాకు ఒళ్లు జలదరించేది ఇదే. కరెంటుని బస్తాలో పోసి దాచలేం. కావలసినప్పుడే పుట్టాలి. నువ్వు బొగొటాలో లిఫ్టు మీట తిప్పావనుకో, అదే క్షణంలో ఇక్కడి యంత్రం మీద ఆ బరువు పడుతుంది. కొలిమిలోకి ఇంకొంచెం బొగ్గు పోతుంది. ఓర్తెన్సియా అమ్మగారినీ చిలకనీ పైకి మోసేది ఈ మంటే.

ఆపేసి పక్కన పెట్టిన యంత్రాన్ని కూడా బాగుచేసి మళ్లీ ముట్టించమని పైనుంచి ఆర్డరు వచ్చింది. అందరం దాని మీదే ఉన్నాం. నుబియా బాగుంది. మణికట్టు మీద కాలిన పుండు మానుతోంది. మీ మరదలు కలబంద రాస్తోంది.

నీ తమ్ముడు
అనీబల్


బొగొటా
మే 10

అనీబల్,

గవర్నమెంటువాళ్లు గడియారాలు ఒక గంట ముందుకి తిప్పేశారు. సూర్యుడు కూడా ఆఫీసు టైముకి రావాలట. చీకట్లో లేస్తున్నాం, చీకట్లోనే బస్సెక్కుతున్నాం.

నీ ఉత్తరం భవనమంతా తిరిగింది. నేను చదవడం, మధ్యలో దిగాల్సిన అంతస్తు వస్తే వాళ్లు దిగకుండా నిలబడి వినడం. పదకొండో అంతస్తు రిటైర్డ్ జడ్జి అబెలార్దోగారు మూడుసార్లు కిందికీ పైకీ తిరిగారు. దిగేటప్పుడు టోపీ తీసి, "ఇన్నేళ్లు దీపం కింద చదివాను గానీ, ఆ దీపం ఎక్కణ్ణుంచి వస్తోందని ఒక్కసారీ అడగలేదమ్మా" అన్నారు. ఇప్పుడు మీట తిప్పినప్పుడల్లా నాకు చెయ్యి ఆగుతోంది. అక్కడెక్కడో నా తమ్ముడి మంట నన్ను లాగుతోందని.

ఇక అసలు సంగతికి వస్తాను. నువ్వు చిన్నప్పుడు కూడా అబద్ధం ఆడలేక, నిజాన్ని చివర్లో గబుక్కున అనేసి పారిపోయేవాడివి.

అకౌంట్లు రాసే పిల్లకి మణికట్టు ఎలా కాలుతుంది? కాఫీ ఒలికిందని రాయకు. కాఫీకి కలబంద రాయరు మనింట్లో, వెన్న రాస్తారు. పక్కన పెట్టిన యంత్రం అన్నావు. ఏది? మూడున్నాయి మీకు.

రెండు ప్రశ్నలకీ జవాబు కావాలి.

ఒదీలియా


లా పెన్యా
జూన్ 1

అక్కా,

అది ఒకటో నంబరు. బావ పోయింది దాని దగ్గరే.

నుబియా అకౌంట్ల చదువు మొదటి ఏడాదే మానేసి సొగమోసోలో వెల్డింగ్ నేర్చుకుంది. నాకు తెలిసేసరికి సర్టిఫికెట్ కూడా చేతిలో ఉంది. "మీ అమ్మకి చెప్పు" అన్నాను. "ముట్టించాక నేనే చెబుతా, అప్పటిదాకా నువ్వు నోరు విప్పితే నీ ఇంట్లోంచి వెళ్లిపోతా మామయ్యా" అంది. వెళ్లిపోతే ఎక్కడుంటుందోనని నోరు కుట్టుకున్నాను.

ఆర్డరు వచ్చిన మర్నాడే వెళ్లి పేరు ఇచ్చింది. ఇంజనీరు దాన్ని కిందినుంచి పైదాకా చూసి, "అమ్మాయ్, ఇది ఆఫీసు కాదు" అన్నాడు. "తెలుసండి. ఆఫీసయితే నేను రాను" అంది. టెస్టు పెట్టారు. దాని అతుకు ఎక్స్‌రేలో మచ్చ లేకుండా వచ్చింది. పైగా ఆ గొట్టాల మధ్య సందుల్లోకి మా లావుపాటి భుజాలు పట్టవు, దానివి పడతాయి.

దాన్ని ఇక్కడే ఎందుకని అడిగాను. ఏమందో అలాగే రాస్తున్నాను. "నాన్న ఎలా పోయాడని అడిగితే ప్రమాదం అన్నారందరూ. ప్రమాదం అంటే ఏంటి మామయ్యా? ఏ గొట్టం? ఎక్కడ చినిగింది? ఎందుకు చినిగింది? నాకు చెయ్యి పెట్టి చూడాలని ఉంది."

చూసింది అక్కా. నీకు కూడా ఎవరూ సరిగా చెప్పలేదు కాబట్టి రాస్తున్నాను. మన బొగ్గులో బూడిద ఎక్కువ. ఆ బూడిద వేడిగాలితో కలిసి వంపుల దగ్గర గొట్టాన్ని ఏళ్ల తరబడి గీరుతుంది, ఏరు రాయిని అరగదీసినట్టు. బయటికి ఏమీ తెలియదు. ఒకరోజు అది కాగితమంత పల్చనై చినిగి, కంటికి కనిపించని ఆ ఆవిరి బయటికి తన్నుకొస్తుంది. బావ రౌండు తిరుగుతూ దాని పక్కనుంచి నడుస్తున్నాడు. అంతే. ఇప్పుడు గొట్టం మందాన్ని కొలిచే పరికరం ఉంది. నుబియా గోడంతా అడుగడుగూ కొలిచి, పల్చబడ్డ చోటల్లా సుద్దతో గీత పెట్టింది. ఆ గొట్టాలన్నీ కోసి కొత్తవి వేస్తున్నారు.

తిట్టు. తిట్టించుకుంటాను.

అనీబల్


బొగొటా
జూన్ 8

నా కూతుర్ని రాబోయే బస్సెక్కించు.

ఆ బాయిలర్‌కి నేను బాకీ ఉన్నాననుకుంటున్నావా, ఇంకొకర్ని ఇవ్వడానికి? ఊరంతా చీకట్లో ఉంటే ఉండనీ. దేశమంతా ఉండనీ. నేను మెట్లెక్కుతాను. పద్దెనిమిది అంతస్తులూ ఎక్కుతాను.

ఒదీలియా


లా పెన్యా
జూన్ 20

అక్కా,

నీ ఉత్తరం దాని చేతికే ఇచ్చాను. నిలబడే చదివింది. మడిచి చొక్కా జేబులో పెట్టుకుంది. "రేపు ఏ షిఫ్టు మామయ్యా?" అంది. ఆ రోజు అన్నం మాత్రం తినలేదు.

దాన్ని కట్టేసి బస్సెక్కించగలను. నీకు కావలసింది అదైతే చేస్తాను. కానీ ఒక్కసారి వచ్చి చూడు. జూలై చివర్లో ముట్టిస్తున్నాం. వచ్చి లోపలికి వెళ్లు, దాని పని చూడు, మంట చూడు. అప్పటికీ రమ్మంటే దాని పెట్టె నేనే మోసి బస్సు మీద పెడతాను. ఇంజనీరుని అడిగాను. ఎలియేసెర్ భార్య వస్తానంటే ఏ తలుపూ మూసి ఉండదన్నాడు.

పొద్దున చలిగా ఉంటోంది. కప్పుకోవడానికి ఉన్ని రువానా తెచ్చుకో.

అనీబల్


బొగొటా
ఆగస్టు 6

తమ్ముడూ,

నేను అక్కడున్న నాలుగు రోజులూ నీతో సరిగ్గా మాట్లాడలేదు. నువ్వు కంట్రోల్ రూములో ఉన్నప్పుడు మేమిద్దరం ఎక్కడున్నామో, ఏమనుకున్నామో నీకు తెలియదు. ఆ పిల్ల చెప్పదు, తండ్రి పోలిక. అందుకని నేను రాస్తున్నాను.

బస్సు దిగి గేటు దగ్గరికి వచ్చేసరికి అది హెల్మెట్ పెట్టుకుని నిలబడి ఉంది. ముఖమంతా మసి. కన్నీళ్లు పెట్టుకుంటుందనుకున్నాను. పెట్టుకోలేదు. "పెట్టె సర్దుకో" అన్నాను. పలకరింపు కూడా లేదు.

"సర్దుకుంటాలే. ముందు లోపలికి రా" అంది.

"నేను రాను."

"సగం దూరం వచ్చి ఆగిపోడానికా బొగొటా నుంచి వచ్చావు?"

మాట తీరు చూశావా! నా నోటినుంచి ఊడిపడ్డట్టు. నా తలకి హెల్మెట్ తగిలించి, గడ్డం కింద పట్టీ బిగించి, చిన్నప్పుడు నేను దాన్ని బడికి తయారుచేసినట్టే నన్ను తయారుచేసింది. ఓ చిన్న తలుపులోంచి మోకాళ్ల మీద పాకి వెళ్లాం.

లేచి నిలబడి పైకి చూశాను అనీబల్. కట్టెల మంచెలు కట్టారు, వాటి మీద దీపాలు. దీపాల పైన ఇంకా దీపాలు. మన ఊరి చర్చిని గంటగోపురంతో సహా తెచ్చి అందులో నిలబెట్టొచ్చు. నాలుగు వైపులా గొట్టాలు, వెదురు తడికలా, సందు లేకుండా. పాతవి గోధుమరంగు, కొత్తవి మెరుస్తూ. ఆ నిశ్శబ్దంలో ఎక్కడో సుత్తి దెబ్బ పడితే గోడలన్నీ కలిసి మూలిగాయి. నా నోటి వెంట దేవుడి పేరు వచ్చేసింది.

"ఎక్కడ?" అన్నాను.

నా చెయ్యి పట్టుకుని మంచె మీదికి తీసుకెళ్లింది. వంపు దగ్గర కొత్త గొట్టం. "ఇక్కడమ్మా. ఇది నేను వేసిందే." చల్లగా ఉంది. అరచెయ్యి పెట్టి ఎంతసేపున్నానో తెలియదు. ఇన్నేళ్లూ నేను దీన్నొక మృగం అనుకున్నాను, నోరు తెరుచుకుని కూర్చున్నదనుకున్నాను. చేతికి తగిలింది ఇనుము. పల్చబడితే చినుగుతుంది, మందంగా ఉంటే నిలుస్తుంది. అంతే.

మర్నాడు నీళ్లు నింపి ఒత్తిడి పెట్టి చూశారు కదా, ఆ సంగతి నువ్వు రిపోర్టులో చదివి ఉంటావు గానీ జరిగింది విను. ఒత్తిడి తగ్గించాక ఇంజనీరూ, నుబియా, ఇంకో ఇద్దరూ టార్చిలైట్లతో ఒక్కొక్క అతుకూ చూసుకుంటూ వెళ్లారు. నేను తలుపు దగ్గర నిలబడ్డాను. ఇంజనీరు అంతా చూసి, "పొడిగా ఉంది, రేపే ముట్టిద్దాం" అన్నాడు. అందరూ దిగడం మొదలుపెట్టారు. నుబియా దిగలేదు.

"సార్, ఇటు రండి."

"ఏమైంది?"

"ఇది చెమర్చింది."

ఆయన వెనక్కి వెళ్లి చూసి, "ఏదీ, నాకేం కనిపించట్లేదే" అన్నాడు. అది గుడ్డతో తుడిచి, ఆగమంది. అందరూ టార్చిలైట్లు దాని మీదే పెట్టారు. చాలాసేపటికి ఆవగింజంత నీటిబొట్టు.

"ఎవరు వేశారిది?" అన్నాడు.

"నేనే సార్" అంది నా కూతురు.

నోరు మూసుకుంటే ఎవరికీ తెలిసేది కాదు. నీళ్లు ఖాళీ చెయ్యాలి, ఆరబెట్టాలి, కొయ్యాలి, మళ్లీ అతకాలి, మళ్లీ నింపి చూడాలి. దేశమంతా చీకట్లో మన కోసం కాచుకుని ఉంది. ఒకడు గొణిగాడు కూడా, "ఆ మాత్రం దానికి" అని. అది వాడివైపు తిరిగి, "ఆ మాత్రం దాని పక్కనుంచే రేపు నువ్వు నడుస్తావన్నా" అంది. వాడు టోపీ సర్దుకున్నాడు.

పెట్టె సర్దుకోమన్న మాట నేను మళ్లీ అనలేదు. గమనించావా?

తిరిగి అతికేటప్పుడు నాకూ ఒక నల్లద్దం ఇచ్చి చూడమన్నారు. అద్దంలో అంతా చీకటి, దాని నడుమ ఒక్క నక్షత్రం. ఆ నక్షత్రం కింద ఇనుము నీళ్లయి, గడ్డకట్టి, మళ్లీ నీళ్లయి. నుబియా వంగి, గొట్టాల మధ్య ఇరుక్కుని, ఊపిరి కూడా లెక్కగా తీస్తోంది. తొమ్మిదేళ్లప్పుడు తండ్రి శవపేటిక దగ్గర నిలబడ్డ పిల్ల. నాకు ఏడుపొచ్చింది గానీ భయం వల్ల కాదు.

ముట్టించిన రోజు మధ్యాహ్నం నువ్వు లోపల గేజీల దగ్గరున్నావు. మేం బాయిలర్ పక్కన మెట్ల మీదున్నాం. ముందు గాలి పంకాలు మొదలయ్యాయి, కాళ్ల కింద ఇనప జాలీ వణికింది. తర్వాత డీజిలు మంట. "ఇది అగ్గిపుల్ల మాత్రమేనమ్మా" అంది. సాయంత్రానికి బొగ్గు వదిలారు. ఆ శబ్దం చెవులకి కాదు, రొమ్ముకి వినపడింది. గోడలో ఓ చిన్న కిటికీ, దానికి నీలం అద్దం. "చూడు" అంది.

ఏం చూశానో చెప్పలేను. భవనంలో అందరూ అడుగుతున్నారు, ఎలా ఉందని. జడ్జిగారు లిఫ్టులో కుర్చీ వేసుకుని మరీ కూర్చున్నారు. మంట అంటే నాలుకలు ఉంటాయనుకున్నాను. అక్కడ నాలుకలు లేవు. ఉన్నదంతా వెలుతురే. అది కదులుతోంది, సుళ్లు తిరుగుతోంది, ఎక్కడా మొదలు లేదు, చివర లేదు. నేను మొదటిరోజు నిలబడ్డ చోటు అది! చెయ్యి పెట్టిన గొట్టం అందులో ఎక్కడో ఉంది, నీళ్లతో నిండి, ఆ వెలుతురుకీ మనకీ మధ్య. పక్కన తిరుగుతున్న మనుషులు ఓ చెవి అటు పడేసి, చేతిలో వేడి బెల్లం నీళ్ల గ్లాసులు పట్టుకుని, మామూలుగా కబుర్లు చెప్పుకుంటున్నారు.

అప్పుడర్థమైందిరా. ఎలియేసెర్ రోజూ దీన్ని చూసి ఇంటికొచ్చేవాడు. ఇంత చూసి వచ్చి, సూపు చల్లారిపోయిందని నాతో పోట్లాడేవాడు. నేనేమో నాతో మాట్లాడటం ఇష్టం లేదనుకునేదాన్ని. "ఏముంది, తిరిగాను." ఇంకేం చెబుతాడు? ఏ మాటతో చెబుతాడు?

కరెంటు కలిపిన క్షణం కూడా నీకు తెలుసు, నువ్వే కలిపించావు. మాకు తెలిసింది ఇంతే. గోల కాస్త కిందికి దిగింది, బరువెత్తుకున్న మనిషి మూలిగినట్టు. నుబియా నా భుజం పట్టుకుని, "అదిగో, తీసుకున్నారు" అంది. ఎవరు తీసుకున్నారే అంటే, "ఎవరో. అందరూ" అంది.

దాన్ని బస్సెక్కించొద్దు. అక్కడే ఉండనీ. కానీ దానికి నా మాటగా ఒకటి చెప్పు. తండ్రిలా మూగనోము పట్టొద్దు. పెద్ద ఉత్తరాలు రాయక్కర్లేదు. వారానికి ఒక్క ముక్క చాలు. ఆ కిటికీలోంచి చూసి, మంట ఇవాళ ఏ రంగులో ఉందో రాయమను. అది వస్తే పిల్ల క్షేమంగా ఉందనుకుంటాను.

మీ అక్క
ఒదీలియా


లా పెన్యా
నవంబరు 3

అమ్మా,

ఇవాళ తెలుపు తక్కువ. నారింజ రంగు ఎక్కువ, అంచుల్లో ఎరుపు కూడా. మిల్లులు మొరాయిస్తున్నాయి, మామయ్య పొద్దుటినుంచి తిట్టుకుంటూ తిరుగుతున్నాడు. బొగ్గు తడిసి వస్తోందమ్మా. లారీలన్నీ నీళ్లు కారుతున్నాయి. కొండల్లో నిన్నటినుంచి వాన.

నుబియా